పిలిచినప్పుడు లేని మనిషి

ఆ ఉత్తర్వు నాలుగు వాక్యాలు కూడా ఉండదు. పిలిచినప్పుడు అప్పీలుదారు తరఫున ఎవరూ హాజరు కాలేదు. కిందటి వాయిదాకూ ఎవరూ రాలేదు. కనుక అప్పీలు డిఫాల్టు కింద కొట్టివేయడమైనది. కింద తేదీ, ఇద్దరు న్యాయమూర్తుల సంతకాలు. ఏడేళ్ళ వ్యాజ్యం, దానికి ముందు పందొమ్మిదేళ్ళ కాపురం, ఆ కాపురాన్ని తెంచడం న్యాయమేనా అని ఒక ఆడమనిషి అడిగిన ప్రశ్న, అన్నీ ఆ కాగితంతో అయిపోయాయి. ప్రశ్నకు జవాబు మాత్రం అందులో లేదు.

ఓడినవాడు కోర్టులో ఏడుస్తాడు, గెలిచినవాడు ఇంటికెళ్ళి ఏడుస్తాడు అంటారు మన పెద్దలు. ఈమె రెండుచోట్లా ఏడవలేదు. తాను ఓడిపోయిన సంగతి ఆమెకు నాలుగేళ్ళ దాకా తెలియదు.

పేరు చెప్పను. చెప్పడానికి ఒక్క పేరూ కాదు. కోర్టు వరండాల్లో, ప్లీడర్ల ఆఫీసు బల్లల మీద కూర్చుని ఇలాంటివాళ్ళు చెప్పుకునే గోడును ఒకే మనిషి నోట పెట్టి చెబుతున్నాను. మనిషి పోత పోసినదే గానీ, ఆమెను పడగొట్టిన సెక్షన్లూ, ఆమె కేసుకు కాళ్ళొచ్చి ఊరు మారిన తేదీలూ కల్పితాలు కావు.

పల్నాడు వైపు మనిషి. తండ్రి మిరప వేసేవాడు. 1993లో పెళ్ళి. పెళ్ళికొడుకు జిల్లా పరిషత్ హైస్కూల్లో టీచరు. ఆ రోజుల్లో టీచరు సంబంధమంటే పొలం రాసిచ్చి మరీ తెచ్చుకునేవాళ్ళు, ఈమె తండ్రీ ఎకరం రాసిచ్చాడు. ఒక కూతురు పుట్టింది. రెండో కాన్పు నిలవలేదు. ఆయనకు వేరే మండలానికి బదిలీ అయింది, అక్కడే గది తీసుకున్నాడు. వారం వారం వచ్చే మనిషి నెలకోసారి రావడం మొదలుపెట్టాడు, ఆ తర్వాత పండగలకు, ఆ తర్వాత పండగలకు కూడా లేదు. ఆమె అడిగింది. అరిచింది. ఒకరోజు స్కూలు గేటు దగ్గరకే వెళ్ళి పదిమందిలో నిలదీసింది.

ఆ నిలదీయడం విడాకుల పిటిషన్లో క్రూరత్వమైంది. గతిలేక పుట్టింటికి చేరడం పరిత్యాగమైంది. హిందూ వివాహ చట్టం 13వ సెక్షన్లో ఈ రెండూ విడాకులకు కారణాలే. క్రూరత్వానికి కాలపరిమితి లేదు, పరిత్యాగానికి మాత్రం రెండేళ్ళు నిండాలి. ఆయనకు రెండేళ్ళు ఎప్పుడో నిండాయి. ఆయన నింపించాడు అనడం సరిగ్గా ఉంటుంది.

ఫ్యామిలీ కోర్టులో ఆమె బోనెక్కి చెప్పింది. క్రాసులో స్కూలు గేటు సంగతి అడిగారు. వెళ్ళాను అంది. అరిచారా అన్నారు. అరిచాను అంది. ఎందుకు అరిచారని ఎవరూ అడగలేదు, అడగనిదానికి జవాబు చెప్పకూడదని ఆమెకు ముందే నేర్పి పంపించారు. సాటి టీచర్లు ఇద్దరు ఆయన పక్షాన సాక్ష్యం చెప్పారు. ఆమె పక్షాన అన్నగారొక్కడే. 2012లో డిక్రీ వచ్చింది.

ఇక్కడ చదివేవాళ్ళలో కొందరికి ఒక అనుమానం వస్తుంది. కలిసి బతకడని తేలిపోయిన మగవాణ్ణి పట్టుకుని వేలాడటం ఎందుకు, పోనిస్తే పోదా అని. బయట నిలబడి చూసేవాళ్ళకు ఆ మాట తేలిక. ఆమె లెక్కలు వేరు. కూతురికి సంబంధాలు చూస్తున్న రోజులవి, శుభలేఖ మీద తల్లిదండ్రుల పేర్లు పక్కపక్కన పడాలి. అది ఒకటి. రెండోది పింఛను. ఆయన 2004 సెప్టెంబరుకు ముందే ఉద్యోగంలో చేరినవాడు, పాత పింఛను వర్తిస్తుంది, ఆయన పోతే భార్యకు ఫ్యామిలీ పింఛను వస్తుంది. విడాకులైన భార్యకు రాదు. “బతికుండగా ఎటూ కూడు పెట్టలేదు, పోయాకైనా పెట్టనీ అన్నయ్యా” అందట. ప్రేమ గురించి కాదు, పరువు గురించి కూడా సగమే. మిగతా సగం ముసలితనంలో అన్నం గురించి. విడాకుల చర్చల్లో మనం ఆత్మగౌరవం అనే మాట విరివిగా వాడతాం. ఆ మాట వాడేముందు ఈ అన్నం లెక్క కూడా వేయాలని నా పట్టు.

అప్పీలు వేయించింది అన్నగారే. ఫ్యామిలీ కోర్టు తీర్పు మీద అప్పీలు నేరుగా హైకోర్టుకు వెళుతుంది. ఇద్దరు న్యాయమూర్తులకు తగ్గని ధర్మాసనం వినాలి, చట్టం మీదే కాక సాక్ష్యాల మీద కూడా మళ్ళీ వాదించుకోవచ్చు. మామూలు మనిషికి ఇంతకన్నా పెద్ద అవకాశం ఇంకోటి లేదు. గడువు ఒకప్పుడు ముప్పై రోజులే ఉండేది. ఈ దేశంలో దూరాలూ, జనాల ఆర్థిక స్థితీ చూస్తే ముప్పై రోజులు చాలవని 2002లో సుప్రీంకోర్టే అంటే, మరుసటి ఏడాది పార్లమెంటు హిందూ వివాహ చట్టాన్ని సవరించి తొంభై రోజులు చేసింది. అప్పీలు వేయడానికి దూరం ఎక్కువని ఒప్పుకున్న చట్టం, వేసిన అప్పీలును ఏళ్ళ తరబడి వెంటబడి కాపాడుకోవడానికి ఆ దూరం ఎంత అవుతుందో మాత్రం ఆలోచించలేదు.

అప్పుడు హైకోర్టు హైదరాబాదులో, మూసీ ఒడ్డున. రాత్రి బస్సెక్కితే తెల్లారేసరికి ఇమ్లీబన్ బస్టాండు. అక్కడే మొహం కడుక్కుని, తెచ్చుకున్న ఇడ్లీ తిని, నది దాటి నడిచి వెళితే కోర్టు. 1920 నుంచి నిలబడి ఉన్న ఆ భవనాన్ని మొదటిసారి చూసిన రోజు ఆమె అన్నగారితో, ఇంత పెద్ద ఇంట్లో అబద్ధం నిలవదులే అన్నదట. అప్పీలు అడ్మిట్ అయింది. ఎఫ్‌సీఏ, అంటే ఫ్యామిలీ కోర్టు అప్పీలు, నంబరొకటి వచ్చింది. ఆ నంబరును ఆమె రేషను కార్డు ప్లాస్టిక్ కవర్లో, కార్డు వెనకాల, పెట్టుకుంది.

ఆమె బతుకులో అవి ఎత్తయిన రోజులు. అప్పీలు పెండింగులో ఉన్నంతకాలం ఆయన మళ్ళీ పెళ్ళి చేసుకోవడానికి లేదు. వివాహ చట్టం 15వ సెక్షన్ ఆ గీత గీసింది: అప్పీలు హక్కు లేకపోతేనో, గడువులోగా అప్పీలు వేయకపోతేనో, వేసిన అప్పీలు కొట్టేస్తేనో తప్ప రెండోపెళ్ళికి దారి లేదు. డిక్రీ గెలిచినవాడు ఆగిపోయాడు, ఓడినామె నిలబడింది. మధ్యవర్తుల్ని పంపాడు. కూతురి పెళ్ళి ఖర్చంతా తానే పెట్టుకుంటానన్నాడు, అప్పీలు తీసేసుకోమన్నాడు. ఆమె తీసుకోలేదు. పెళ్ళి అన్నగారు చేశాడు. శుభలేఖ మీద రెండు పేర్లూ పక్కపక్కనే పడ్డాయి. పీటల మీద ఆయన కూర్చోకపోయినా అక్షరాల్లో ఉన్నాడు, ఆమెకు అది చాలింది.

24వ సెక్షన్ కింద మధ్యంతర భరణానికీ, కోర్టు ఖర్చులకూ పిటిషన్ వేశారు. అప్పీలు దశలోనూ వేయొచ్చు. ఉత్తర్వూ వచ్చింది. కొన్ని నెలలు కట్టాడు, మానేశాడు. మానేసినప్పుడు మళ్ళీ పిటిషన్ వేసి పట్టించాలి. దానికి ప్లీడరుగారు ఫీజు అడిగారు. ఫీజుకు డబ్బులుంటే భరణం ఎందుకడుగుతుంది? అది అక్కడ ఆగిపోయింది. ఇప్పుడు వెనక్కి తిరిగి చూస్తే పతనం మొదలైంది అక్కడే అనిపిస్తుంది, అప్పటికి మాత్రం ఎవరికీ అలా అనిపించలేదు.

వాయిదాల సంగతి ఎక్కువ చెప్పను, తెలిసినవాళ్ళకు చెప్పక్కర్లేదు, తెలియనివాళ్ళకు చెప్పినా అందదు. మొదట్లో ప్రతి వాయిదాకూ వెళ్ళేది. హైకోర్టులో పార్టీ రానక్కర్లేదమ్మా, మేమున్నాంగా అన్నాడు గుమాస్తా. నిజమే, రానక్కర్లేదు. వెళ్ళడం మానేసి ఫోను చేయడం మొదలుపెట్టింది. “బాబూ, మా కేసు?” “లిస్టులోకి రాలేదమ్మా, వస్తే నేనే చేస్తా.” ఆ మాట మీద ఏళ్ళు గడిచాయి. గుమాస్తా అబద్ధమేమీ చెప్పలేదు, లిస్టులోకి నిజంగానే రాలేదు. తర్వాత ఆ గుమాస్తా మానేసి ఊరెళ్ళిపోయాడు, ఆ నంబరు ఎవరో చికెన్ షాపువాళ్ళకు వెళ్ళింది. ఆమె దగ్గరున్నది ఆ ఫోను నంబరొక్కటే.

2017లో అన్నగారు పోయాడు. గుండెపోటు. ప్లీడరుగారి ఇల్లు ఎక్కడో, కాగితాలు ఏ బీరువాలో ఉన్నాయో, ఎంత ఫీజు ఇచ్చారో, ఎంత బాకీ ఉందో అన్నీ ఆయనతో పోయాయి. వదినగారికి ఈ కేసంటే మొదటినుంచీ గిట్టదు. ఆమెనూ తప్పు పట్టలేం, తన పిల్లల చదువుల డబ్బే కదా హైదరాబాదు బస్సులకు పోయింది.

ఆ తర్వాత జరిగినది ఏ మొగుడూ పెళ్ళామూ చేసింది కాదు.

ఆంధ్రుల హైకోర్టు ఒకచోట స్థిరంగా ఉండే రాత రాసుకోలేదు. మద్రాసు నుంచి విడిపోయాక 1954 జూలై 5న గుంటూరులో మొదలైంది, కోకా సుబ్బారావుగారు మొదటి ప్రధాన న్యాయమూర్తి. రెండేళ్ళు తిరిగాయో లేదో, 1956 నవంబరులో రాష్ట్రంతో పాటు హైదరాబాదు చేరింది. 2014 జూన్ 2న రాష్ట్రం రెండయినా హైకోర్టు ఒకటిగానే ఉండిపోయింది, నాలుగున్నరేళ్ళు. 2018 డిసెంబరు 26న రాష్ట్రపతి ఉత్తర్వు వచ్చింది: 2019 జనవరి 1 నుంచి ఆంధ్రప్రదేశ్‌కు వేరే హైకోర్టు. మధ్యలో వారం కూడా లేదు. మూసీ ఒడ్డున ఆ చివరి రోజుల్లో కన్నీళ్ళు పెట్టుకున్న లాయర్లున్నారు, వీడ్కోలు ఫొటోలు దిగినవాళ్ళున్నారు. ముప్పై నలభై ఏళ్ళు పక్కపక్క కుర్చీల్లో కూర్చున్నవాళ్ళు ఎవరెటు వెళ్ళాలో తేల్చుకోవలసి వచ్చింది. ఇల్లు, పిల్లల చదువులు, ఆఫీసు అన్నీ హైదరాబాదులో ఉన్నవాళ్ళు చాలామంది అక్కడే ఆగిపోయారు. ఫైళ్ళకు అలాంటి ఎంపిక లేదు. ఆంధ్ర జిల్లాల ఫైళ్ళు కట్టలు కట్టి బండ్లెక్కించారు. కొత్త కోర్టు మొదట విజయవాడలో సర్దుకుంది, మార్చిలో తుళ్ళూరు మండలం నేలపాడులో కట్టిన తాత్కాలిక భవనంలోకి మారింది.

చిత్రమేమిటంటే, కోర్టు ఆమెకు దగ్గరైంది. రాత్రంతా బస్సులో కూర్చుంటే గానీ చేరలేని చోటు, పొద్దున బయల్దేరి సాయంత్రానికి తిరిగి రాగలిగినంత దూరానికి వచ్చింది. ఆమె కేసు ఆమె జిల్లాలోకే, ఆమె మిరపకోతకు కూలికి వెళ్ళే ఊళ్ళకు కాస్త అవతలికి నడిచి వచ్చింది. ఆమెకు తెలియదు. హైదరాబాదులోనే ఉందనుకుంటోంది. హైదరాబాదులో ఉన్న ప్లీడరుగారు నేలపాడు వెళ్ళడం లేదు. పెద్దవయసు, రాలేకపోయారు. రాలేనని ఒక్క కార్డు ముక్క రాసి ఉంటే సరిపోయేది. వకాల్తా ఆయన పేరు మీదే ఉంది, ఆయన నిరభ్యంతర పత్రం ఇస్తేనో, కోర్టు అనుమతిస్తేనో తప్ప ఇంకో లాయరు అందులో దూరడానికి లేదు. వకాల్తా పట్టుకుని కూర్చున్న మనిషి రాకపోవడం, వకాల్తా లేకపోవడం కన్నా ప్రమాదం. ఎవరూ లేరని తెలిస్తే కోర్టు పార్టీకి నోటీసైనా పంపాలని చూస్తుంది. పేరుంది కాబట్టి ఉన్నారనే అనుకుంటుంది.

కొత్త కోర్టు పాత కేసులు ముందు తీసింది. ఏ కోర్టైనా చేసే పనే. ఏళ్ళుగా లిస్టులోకి రాని అప్పీలు వచ్చింది. పిలిచారు, ఎవరూ లేవలేదు. మధ్యాహ్నం మళ్ళీ పిలిచారు. అవతలి పక్షం లాయరు మాత్రం లేచి నిలబడ్డాడు. అతను విజయవాడలో కొత్త ఆఫీసు తెరిచాడు, అతని క్లయింటు ప్రతి వారం ఫోను చేస్తూనే ఉన్నాడు. వాయిదా వేశారు. రెండోసారి లిస్టులో అప్పీలు కొట్టివేత శీర్షిక కింద వచ్చింది. ఆ శీర్షిక చూస్తే ప్లీడరు అన్నవాడి గుండె జారుతుంది, చూసే ప్లీడరు ఉంటే. ఆ రోజు పిలవడానికీ సంతకానికీ మధ్య ఎంతసేపు పట్టి ఉంటుంది? రెండు నిమిషాలు అనుకుంటే ఎక్కువే.

సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డరు 17వ రూలు ఆ అధికారం ఇస్తుంది. అప్పీలుదారు రాకపోతే అప్పీలు కొట్టేయొచ్చు. కొట్టేయాలి అని లేదు, కొట్టేయొచ్చు అని ఉంది. 1976లో ఆ రూలుకు ఒక వివరణ చేర్చారు: మనిషి లేనప్పుడు కేసులో బలముందా లేదా అని తేల్చి కొట్టేయడానికి వీల్లేదు, లేరు కాబట్టి అని మాత్రమే కొట్టేయాలి. ఆ వివరణ అప్పీలుదారు మేలు కోసం పెట్టినదే. మంచిచెడ్డలు తేలలేదు కాబట్టి మళ్ళీ వచ్చి అడుక్కునే దారి తెరిచి ఉంటుంది. కానీ తిరిగి రాని మనిషి విషయంలో దాని ఫలితం ఘోరం. స్కూలు గేటు దగ్గర ఆమె ఎందుకు అరిచిందో ఏడేళ్ళ తర్వాత ఇద్దరు న్యాయమూర్తుల ముందుకు వచ్చి కూడా ఎవరూ వినలేదు. కింది కోర్టు మాట తప్పో ఒప్పో తేలకుండానే శాశ్వతమైపోయింది.

న్యాయమూర్తుల్ని నిందించడానికి నాకు మనసు రాదు. ఇదే రూలు ఇంకో ఇంట్లో ఒక ఆడదాన్ని బతికిస్తుంది. తన్నులు తిని, విడాకులు గెలుచుకుని, ఇంకో మంచి మనిషి దొరికి పెళ్ళికి ఎదురుచూస్తున్న అమ్మాయి మీద, కక్ష తీర్చుకోవడానికి మాత్రమే అప్పీలు వేసి, నోటీసు బత్తా కట్టకుండా, వాయిదాలకు రాకుండా ఏళ్ళు నడిపే మగవాళ్ళున్నారు. 15వ సెక్షన్ గీత ఆమె కాళ్ళకు సంకెల. డిఫాల్టు కింద అప్పీలు పోయిన రోజు ఆమెకు పండగ. 2018లో సుప్రీంకోర్టు ముందుకు ఇలాంటి చిక్కే వచ్చింది. అప్పీలు ఉపసంహరించుకుంటానని దరఖాస్తు పెట్టుకున్న ఒకాయన, దాని మీద ఉత్తర్వు రావడానికి కొద్ది రోజుల ముందు మళ్ళీ పెళ్ళి చేసుకున్నాడు, ఆ పెళ్ళి చెల్లదని తర్వాత వివాదమైంది. అప్పీలు నడిపే ఉద్దేశమే లేదని చెప్పుకున్నాక ఆ పెళ్ళిని చెల్లనిదనలేమని తీర్పు వచ్చింది. తీర్పు రాసినవారు లావు నాగేశ్వరరావుగారు. వదిలేసిన వ్యాజ్యం పేరు చెప్పి బతుకుల్ని ఆపి ఉంచకూడదన్నది ఆ తీర్పులో సారం. దానితో నాకు పేచీ లేదు. వదిలేసినవాళ్ళకూ, వదిలేసుకున్నామని తెలియనివాళ్ళకూ తేడా తెలుసుకునే ఏర్పాటు కోర్టులో లేకపోవడంతోనే నా పేచీ.

ఉత్తర్వు అయిన ముప్పై రోజుల్లోగా అదే 41వ ఆర్డరు 19వ రూలు కింద అప్పీలును తిరిగి తీసుకోమని అడగొచ్చు. రాలేకపోవడానికి తగిన కారణం చూపితే చాలు. ప్లీడరు రాలేదు, కోర్టే ఊరు మారింది, నాకు తెలియదు. ఇంతకన్నా తగిన కారణం ఏ పార్టీకి ఉంటుంది? 1981లో సుప్రీంకోర్టు ఇలాంటి ఒక కేసులో, లాయరును పెట్టుకుని ఫీజిచ్చిన పల్లెటూరి మనిషి నిశ్చింతగా ఉండటంలో తప్పులేదనీ, లాయరు రాకపోతే ఆ శిక్ష పార్టీకి వేయకూడదనీ చెప్పి అప్పీలును బతికించింది. ఆమెకు ఆ తీర్పు అతికినట్టు సరిపోయేది. ముప్పై రోజులు ఆ ఏడాదిలోనే గడిచిపోయాయి. మరుసటి మార్చిలో కరోనా వచ్చినప్పుడు దేశమంతటా గడువులన్నీ 2020 మార్చి 15 నుంచి 2022 ఫిబ్రవరి 28 దాకా లెక్కలోకి రావని సుప్రీంకోర్టు అంది. అప్పటికే దాటిపోయిన గడువుకు ఆ దయ వర్తించలేదు.

ఆయన పెళ్ళి చేసుకున్నాడు. లాక్‌డౌన్ రోజుల్లో, గుళ్ళో, పదిమందితో. చట్టం ప్రకారం ఏ తప్పూ లేదు. అంతకుముందు ఎన్నేళ్ళుగా కలిసి ఉంటున్నారో ఆ మండలంలో అందరికీ తెలుసు. పల్నాటిలో ఈ కబురు ఆమెకు చేరింది, చేరకుండా ఉంటుందా. “చేసుకోనీ, అది చెల్లదు, నా కేసు హైకోర్టులో ఉంది” అంది. ఆ మాట ఊళ్ళో నలుగురితో ధైర్యంగానే అంది. ఆమె చెబుతున్నప్పుడు ఆ కేసు లేదు.

2023లో ఆయన పోయాడు. ఆమె బొట్టు తీసేసింది, గాజులు తీసేసింది. పెళ్ళికొచ్చిన చుట్టాలే మళ్ళీ వచ్చి కూర్చున్నారు. పదకొండో రోజు అయ్యాక మరణ ధ్రువపత్రం, పాత శుభలేఖ, కూతురి పుట్టిన తేదీ కాగితం, రేషను కార్డు పట్టుకుని అల్లుడిని తోడు తీసుకుని పింఛను కాగితాల ఆఫీసుకు వెళ్ళింది. సీటులో ఉన్నతను మంచివాడే. కుర్చీ వేయించాడు. ఫైలు తెప్పించి చూశాడు. ఫ్యామిలీ కోర్టు డిక్రీ నకలు, హైకోర్టు ఉత్తర్వు నకలు, రెండో వివాహ రిజిస్ట్రేషన్ సర్టిఫికెట్, నామినేషన్ మార్పు, అన్నీ క్రమంగా పెట్టి ఉన్నాయి. తన జీవితం గురించి ఆమెకు తెలియని సంగతులు ఆ ఫైలుకు తెలుసు. “అమ్మా, మీ అప్పీలు 2019లోనే కొట్టేశారు కదమ్మా” అన్నాడు. ఆమె రేషను కార్డు కవర్లోంచి నంబరు కాగితం తీసి చూపించింది. ఇది ఉంది బాబూ, నంబరు ఉంది, చూడు అంది. నంబరు సరైనదే, ఉత్తర్వు మీదున్న నంబరూ అదే.

బొట్టు తీసేసిన మనిషి చట్టం లెక్కలో విధవరాలు కాదు. ఎవరికీ ఏమీ కాదు. ఆ రోజు బయటికొచ్చాక ఆమె అల్లుడినడిగిన ఒక్క ప్రశ్న నాకు మింగుడు పడదు: “అయితే నేను పదకొండు రోజులూ పట్టింది ఎవరి మైల?”

గుంటూరులో ఒక కుర్ర లాయరుకు చూపించారు. ఓపికగా అన్నీ చెప్పాడు. నాలుగేళ్ళ ఆలస్యం మాఫీ చేయమని లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ కింద ఒక పిటిషన్, అప్పీలు తిరిగి తీసుకోమని ఒకటి, చనిపోయినాయన వారసుల్ని చేర్చమని ఇంకొకటి. మనిషి పోయినా విడాకుల అప్పీలు పోదు, హోదా, ఆస్తి, పింఛను దాని మీద ఆధారపడి ఉంటాయి కాబట్టి వారసుల మీద నడపొచ్చని సుప్రీంకోర్టు 1997లోనే చెప్పింది. దారి ఉంది. కానీ 1981 నాటి మెత్తదనం తర్వాతి తీర్పుల్లో కొంత తగ్గింది. లాయరు మీద నెపం పెట్టి నిద్రపోయినవాళ్ళను మన్నించలేమని కోర్టులు అంటున్నాయి, ఏడేళ్ళలో ఒక్కసారైనా కేసు ఏమైందో కనుక్కోలేదా అని అడుగుతాయి అన్నాడు. కనుక్కుంది. చికెన్ షాపు నంబరుకు చేసి కనుక్కుంది. దానికి సాక్ష్యమేదీ?

వారసుల్లో ఆ రెండో ఆవిడను చేర్చాలి. ఆమెకూ ఇప్పుడు ఆ పింఛనే ఆధారం. ఒక విధవరాలి కూడు మీదకు ఇంకో ఆడదాన్ని తోలే వ్యాజ్యం. ఫీజెంత అవుతుందో లాయరు చెప్పాడు. కూతురు చాలమ్మా, ఇక చాలు అంది. పిటిషన్ వేయలేదు.

ఆమె ఇప్పుడు కూతురి ఇంట్లో ఉంది. నేను ఇందులో పెద్ద దోషం ప్లీడరుది అంటాను. రాలేనప్పుడు వకాల్తా వదులుకోవాలి, వదులుకుంటున్నానని పార్టీకి తెలిసేలా చెప్పాలి. అది దయ కాదు, వృత్తి ధర్మం. రెండో దోషం హైకోర్టు విభజన చేసినవాళ్ళది. న్యాయమూర్తులకు నివాసాలు, సిబ్బందికి బస్సులు, ఫైళ్ళకు బండ్లు ఏర్పాటు చేశారు. మీ కేసు ఊరు మారింది అని కక్షిదారులకు ఒక్కొక్కరికీ పోస్టుకార్డు వేయాలని ఎవరికీ తోచలేదు. విడాకుల అప్పీలును లాయరు గైర్హాజరు మీద కొట్టేసేముందు అప్పీలుదారు ఇంటి చిరునామాకు ఒక్క నోటీసు తప్పనిసరి చేస్తే పోయేది ఆ పోస్టు ఖర్చే. పొలం కేసు పోతే పొలం పోతుంది. ఇక్కడ పోయేది మనిషి ఎవరన్నదే.

మీ ఇంట్లోనో, మీ వీధిలోనో ఇలాంటి అప్పీలు ఉన్న ఆడమనిషి ఉంటే ఈ నాలుగు మాటలు చెప్పండి. కేసుకు సీఎన్ఆర్ అనే పదహారు అక్షరాల నంబరుంటుంది, ఈ-కోర్ట్స్ యాప్‌లో అది కొడితే తర్వాతి వాయిదా ఎప్పుడో ఫోనులోనే కనపడుతుంది, లాయరునూ గుమాస్తానూ అడగక్కర్లేదు. 1987 నాటి న్యాయసేవల చట్టం 12వ సెక్షన్ ప్రకారం ఆడవాళ్ళకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయరును ఇస్తారు. హైకోర్టులోనే దానికి కమిటీ ఉంది, 15100కు ఫోను చేయొచ్చు. లాయరు ఫోను ఎత్తకపోతే నెల ఆగకండి. కొట్టేసిన అప్పీలును తిరిగి నిలబెట్టమని అడగడానికి చట్టం ఇచ్చిన గడువు, ఉత్తర్వు తేదీ నుంచి ముప్పై రోజులు.